రాంచ్ పనీ, రోడియో తాడూ కెమెరా ముందు ఎంతవరకు పనికొస్తాయి?

ముందు మీ ప్రశ్నని నాలుగు ముక్కల్లో చెప్పుకుంటాను, తప్పుగా అర్థం చేసుకుని ఉంటే దిద్దండి. మీది ప్రకాశం జిల్లా, ఇంట్లో ఒంగోలు ఎడ్లు ఉండేవి. మూడేళ్ళుగా టెక్సాస్‌లో ఒక రాంచ్‌లో, అంటే పశువుల్ని పెంచే పెద్ద క్షేత్రంలో, పనిచేస్తున్నారు. వారాంతాల్లో చిన్న ఊళ్ళ రోడియోల్లో, అంటే కౌబాయ్ విద్యల పోటీల్లో, ఇద్దరు గుర్రాల మీదనుంచి కోడెని తాళ్ళతో పట్టే టీమ్ రోపింగ్‌కి, వెనక కాళ్ళకి తాడు వేసే హీలర్‌గా దిగుతున్నారు. ఇప్పుడు వెస్టర్న్ సినిమాల్లోనో సిరీస్‌లలోనో నటించాలని ఉంది. ఉన్న అనుభవం నటనకి సరిపోతుందా, యాక్టింగ్ స్కూలు తప్పదా, అసలు మన మొహానికి కౌబాయ్ వేషం ఇస్తారా అన్నవి మీ మూడు సందేహాలు.

నేను నటుణ్ణి కాను. తిరుపతిలో పశువైద్యం చదివి, ఇరవై రెండేళ్ళుగా ఓక్లహోమాలో ఆవులకీ గుర్రాలకీ డాక్టర్‌గా ఉన్నాను. రోడియోల దగ్గర డ్యూటీ చేస్తాను. షూటింగులకి గుర్రాల్నీ పశువుల్నీ తెచ్చి, మేపి, నడిపించే మనిషిని ఇక్కడ రాంగ్లర్ అంటారు. అలాంటి ఒకాయన నా పాత క్లయింటు. ఆయన పుణ్యమా అని పది పన్నెండు సెట్లు చూశాను. డబ్బులిచ్చింది గుర్రాల్ని చూసినందుకే గానీ, పని లేనప్పుడల్లా నేను చూస్తూ కూర్చున్నది మనుషుల్ని. ఆ చూసినదాన్నిబట్టే ఈ జవాబు.

మీరు ‘రాంచ్, రోడియో అనుభవం’ అని రెండింటినీ ఒకే సంచిలో వేశారు. అవి రెండూ వేరు. రోడియో అంటే నలుగురి ముందు చేసేది. ఇసుక, దీపాలు, మైకులో మీ పేరు, ఎనిమిది సెకన్లో పది సెకన్లో, అయిపోయాక టోపీ ఊపడం. రాంచ్‌లో చూసేవాడెవడూ ఉండడు. ఫిబ్రవరిలో రాత్రి రెండింటికి టార్చి పట్టుకుని తొలిచూలు ఆవుల మధ్య తిరుగుతూ, ఏది మంద వదిలి పక్కకి తప్పుకుంది, ఏది తోకెత్తి పడుకుంటూ లేస్తూ ఉంది అని చూసుకునేవాడికి చప్పట్లు కొట్టేదెవరు? కెమెరాకి కావాల్సింది ఈ రెండోవాడు. తనని ఎవరో చూస్తున్నారన్న ధ్యాస లేకుండా పని మీద కళ్ళు పెట్టిన మనిషి. కాబట్టి రోడియోల్లో గెలిచిన మీ బెల్టు బకిల్స్ గురించి రెండు పేరాలు రాసి, ఆవుల్ని ఈనించిన సంగతి ఒక్క వాక్యంలో తేల్చేశారు చూడండి, నన్నడిగితే దాన్ని తిరగేసి రాయాలి.

దీనికి నాకు దొరికిన మంచి ఉదాహరణ మా ఓక్లహోమా మనిషే, బెన్ జాన్సన్. 1918లో ఓసేజ్ కౌంటీలో ఫోరేకర్ అనే చిన్న ఊళ్ళో పుట్టాడు. తండ్రి కూడా పేరున్న రోపరే, పెద్ద రాంచ్‌కి ఫోర్‌మన్. బెన్ సినిమాలకి వచ్చింది నటించడానికి కాదు. హోవర్డ్ హ్యూస్ అనే నిర్మాత తన సినిమా కోసం ఇక్కడ గుర్రాలు కొంటే, వాటిని తోలుకుపోవడానికి ఈయన్ని పెట్టుకున్నాడు. రాంచ్‌లో రోజుకి ఒక డాలర్ వచ్చేవాడికి హాలీవుడ్‌లో మొదటి చెక్కు 300 డాలర్లు. ఇక వెనక్కి ఎందుకొస్తాడు? ఏళ్ళ తరబడి గుర్రాలు చూసుకున్నాడు, హీరోలకి డూప్‌గా గుర్రాల మీద నుంచి పడ్డాడు. 1948లో వచ్చిన ‘ఫోర్ట్ అపాచీ’ షూటింగ్‌లో ముగ్గురు మనుషులున్న బండిని గుర్రాలు బెదిరి లాక్కుపోతుంటే, వెంటపడి ఆపాడు. డైరెక్టర్ జాన్ ఫోర్డ్ దానికి బదులుగా నటుడిగా కాంట్రాక్టు చేతిలో పెట్టాడు. 1950లో ‘వ్యాగన్ మాస్టర్’లో ముఖ్యపాత్ర, ‘రియో గ్రాండే’లో రెండు గుర్రాల మీద చెరో కాలూ వేసి నిలబడి పరిగెత్తించే సీను. ఆ సీనులో డూప్ లేడు, నిలబడింది ఆయనే.

తర్వాత ఆయన చేసిన పని చూడండి. 1953లో సినిమాలు పక్కన పెట్టి ఏడాదంతా రోడియోల వెంట తిరిగి టీమ్ రోపింగ్‌లో ప్రపంచ చాంపియన్ అయ్యాడు. ఏడాది చివర లెక్క చూసుకుంటే చేతిలో మూడు డాలర్లు కూడా లేవు, మిగిలింది అరిగిపోయిన కారూ, కోపంతో ఉన్న భార్యా అని ఆయనే చెప్పుకునేవాడు. మళ్ళీ సినిమాలకి వచ్చాడు. ప్రపంచ రోడియో టైటిలూ, నటనకి ఆస్కారూ రెండూ ఉన్నది ఇప్పటికీ ఆయనొక్కడికే.

ఆ ఆస్కార్ దేనికొచ్చిందన్నది మీరు పట్టించుకోవాల్సిన విషయం. 1971లో వచ్చిన ‘ది లాస్ట్ పిక్చర్ షో’, టెక్సాస్‌లో పాడుబడుతున్న ఒక చిన్న ఊరి కథ. ఆయన తెర మీద ఉండేది పది నిమిషాల లోపే. డైలాగులు ఎక్కువనీ, మాటలు బూతుగా ఉన్నాయనీ మొదట ఒప్పుకోలేదు కూడా, ఫోర్డ్ చెప్తే ఒప్పుకున్నాడు. అందులో అందరూ గుర్తుపెట్టుకునే సీనులో గుర్రం లేదు, తాడు లేదు, తుపాకీ లేదు. పశువుల నీళ్ళకుంట ఒడ్డున కూర్చుని, ఇరవై ఏళ్ళ కిందట ఈతకని అక్కడికి తీసుకొచ్చిన ఒక అమ్మాయి గురించి ఇద్దరు కుర్రాళ్ళకి చెప్తాడు. అంతే. ఆ సీను నేను పదిసార్లకి పైగా చూసి ఉంటాను. మాట్లాడుతూ ఆయన ఆ నీళ్ళవైపు చూసే చూపుంది చూశారా, అది ఇక్కడ ప్రతి రాంచర్‌కీ ఉంటుంది. నీళ్ళు ఎంత తగ్గాయి, గట్టు ఎక్కడ తెగింది, ఇంకెన్నాళ్ళు వస్తాయి అని కొలుచుకునే చూపు. అమ్మాయి గురించి చెప్తున్నప్పుడు కూడా ఆ కొలత ఆగదు. అందుకే అది ఏడుపు సీనులా అనిపించదు, ఆస్తి లెక్క చూసుకుంటున్నట్టు ఉంటుంది. గుండె అక్కడే పట్టేస్తుంది. నటన నేర్పేవాళ్ళు అది నేర్పగలరేమో నాకు తెలియదు గానీ, ఆయనకైతే ఎవరూ నేర్పలేదు.

ఇక నేరుగా మీ పనికి వద్దాం.

గుర్రం బాగా ఎక్కుతాను, తాడు బాగా వేస్తాను అన్నదానికి నటుడిగా మీకు వచ్చే విలువ మీరనుకున్నంత లేదు. ప్రమాదమున్న పని హీరో చేత చేయించడానికి ఇన్సూరెన్స్ వాళ్ళు ఒప్పుకోరు, దానికి డూప్ ఉంటాడు. వెనక్కి తిరిగి దౌడు తీసే మనిషి ఎవరైతేనేం, టోపీ ఒకటైతే చాలు. ఆ విద్యతో మీకు దొరికేది రాంగ్లర్ పని, స్టంట్ పని. అవి తక్కువ పనులని నేననడం లేదు. యాకిమా కనట్ రోడియో చాంపియన్‌గా వచ్చి, 1939లో ‘స్టేజ్‌కోచ్’లో పరిగెత్తే గుర్రాల మధ్యలోకి జారి బండి కిందనుంచి వెళ్ళిన మనిషి. ‘బెన్‌హర్’లో రథాల పందెం నడిపించింది ఆయనే. స్టంట్‌మన్‌గా చేసిన పనికీ, స్టంట్లు చేసేవాళ్ళకి రక్షణ పరికరాలు తయారుచేసినందుకూ చివరికి గౌరవ ఆస్కార్ ఇచ్చారు. రిచర్డ్ ఫార్న్స్‌వర్త్ ముప్పై ఏళ్ళకి పైగా స్టంట్లు చేశాక గానీ సరైన మాటలున్న పాత్ర దొరకలేదు. దొరికాక రెండుసార్లు ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్ళాడు. ఈ దారిలో ఓపిక కావాలి, ఎముకలు గట్టిగా ఉండాలి.

నటుడిగా మీ అనుభవం డూప్ పెట్టడానికి వీల్లేని చోట పనికొస్తుంది, అంటే మీ మొహమూ చేతులూ ఒకే ఫ్రేములో ఉన్నప్పుడు. జీను కట్టడం తీసుకోండి. మీరు రోజూ చేసేదే, అయినా కెమెరా కంటితో ఒకసారి చూద్దాం. దుప్పటి ముందు మూపు మీద కాస్త ముందుకి వేసి, వెంట్రుకలు అణిగేట్టు వెనక్కి లాగుతారు. అవతలి రికాబు జీను కొమ్ముకి తగిలించి జీను ఎత్తి పెడతారు, దబీమని పడేయరు. పొట్ట కిందనుంచి చెయ్యి పెట్టి అవతలి పట్టీ అందుకుంటారు, అందుకునేటప్పుడు భుజం గుర్రానికి ఆనించి ఉంచుతారు, అది తన్నబోతే ముందు భుజానికి తెలుస్తుంది కాబట్టి. తోలుపట్టీ రింగులోంచి రెండుసార్లు తిప్పి లాగుతారు. గుర్రం పొట్ట ఉబ్బిస్తుంది. మీకు తెలుసు, అందుకే అప్పటికి వదిలేసి, నాలుగడుగులు నడిపించి, అది ఊపిరి వదిలాక మళ్ళీ బిగిస్తారు. పని తెలియని నటుడు ఒకేసారి లాగి ఎక్కేస్తాడు. చూసే సామాన్య ప్రేక్షకుడికి తప్పేమిటో తెలియదు, కానీ ఏదో అబద్ధమని మాత్రం తెలుస్తుంది.

ఇప్పుడు దాని మీద మాటలు పెట్టండి. తమ్ముడు ఇల్లు వదిలి వెళ్ళిపోతున్నాడు, మీరు జీను కడుతూ అతనితో మాట్లాడుతున్నారు. స్కూల్లో నేర్చుకొచ్చిన కుర్రాడు ముఖ్యమైన మాట దగ్గర తల తిప్పి, గొంతు మార్చి చెప్తాడు. పని తెలిసిన మనిషి అలా చెప్పడు. చేతులు వాటి పని అవి చేసుకుపోతాయి, మాట మధ్యలో పట్టీ లాగినప్పుడు ఊపిరి తెగి మాట విరుగుతుంది, మళ్ళీ అతుక్కుంటుంది. ఎక్కడో ఒక్కచోట మాత్రం చేతులు ఆగిపోతాయి. పట్టీ రింగులో సగం దూరి ఉంటుంది, వేళ్ళు దాని మీదే ఉంటాయి, అతనేమీ అనడు. నేను చూసిన వాటిల్లో బాగా పండిన సీన్లన్నీ ఇలాగే పండాయి, చేతులు ఎప్పుడూ ఆగని మనిషి చేతులు ఆగినప్పుడు. ఆ చోటు ఏదో ముందే తేల్చుకోవడమే మీరు చేయాల్సిన హోంవర్కు. మిగతాది మీ చేతులకి వచ్చు.

దీనికి మీ హీలింగ్ కూడా పనికొస్తుంది, మీరు అడగకపోయినా చెప్తున్నాను. హెడర్ కొమ్ములకి తాడు వేసి, జీను కొమ్ముకి చుట్టి, కోడెని ఎడమకి తిప్పేదాకా హీలర్ చేసేదేమీ లేదు. తిరిగాక అది వెనక కాళ్ళు ఎత్తి ఎత్తి గెంతే లయ పట్టుకుని, ఆ రెండు కాళ్ళూ నేల వదిలిన క్షణంలో ఉచ్చు కిందకి వేయాలి. తొందరపడితే ఒక కాలే పడుతుంది, ఐదు సెకన్ల జరిమానా. ఎదుటివాడు మాట ఎలా వదిలితే దాన్నిబట్టి మీ మాట వేయడం ఇలాంటిదే. మనవాళ్ళు చాలామంది ఎదుటివాడి మాట వినకుండా, ముందే సిద్ధం చేసుకున్న తమ డైలాగుని వదిలేస్తారు. హెడర్ తిప్పకముందే తాడు విసిరేసినట్టు ఉంటుంది చూడటానికి.

రోడియోని మరీ తీసిపారేశాననుకోకండి. అది ఇచ్చేది ఒకటుంది, పడటం వస్తుంది, పడ్డాక లేవడం వస్తుంది. స్లిమ్ పికెన్స్ కుర్రవయసు నుంచి రోడియోల్లో దిగి, ఏళ్ళ తరబడి రోడియో క్లౌన్‌గా ఎద్దుల ముందు పరిగెత్తినవాడు. క్లౌన్ అంటే నవ్వించేవాడని పేరే గానీ, పడిపోయిన రైడర్ మీదకి ఎద్దు వెళ్ళకుండా తన మీదకి తిప్పుకోవడం అసలు పని. ఎద్దు కొమ్ము ఎటు తిరుగుతుందో అరక్షణం ముందే తెలియాలి. 1964లో ‘డాక్టర్ స్ట్రేంజ్‌లవ్’లో అణుబాంబు మీద కూర్చుని, ఎద్దు మీద కూర్చున్నట్టే టోపీ ఊపుతూ ఆయన కిందకి పోయే సీను సినిమా చూడనివాళ్ళకి కూడా తెలుసు. ఆ వేషం పీటర్ సెల్లర్స్ వేయాల్సింది, కాలికి దెబ్బ తగిలి మానుకున్నాడు. ఇది హాస్యం సినిమా అని పికెన్స్‌కి చెప్పకుండా, సీరియస్‌గానే చేయమన్నాడు డైరెక్టర్ కూబ్రిక్. ఆయన అలాగే చేశాడు. ఎద్దు ముందు నిలబడ్డప్పుడు క్లౌన్ తను నవ్వడు కదా.

ఈ మధ్యకాలంలో చూడాల్సింది ‘ది రైడర్’. 2017లో వచ్చింది, డైరెక్టర్ క్లోయి జావ్. సౌత్ డకోటాలో పైన్ రిడ్జ్ రిజర్వేషన్‌కి చెందిన బ్రేడీ జాండ్రో అనే లకోటా (అమెరికా ఆదివాసీ తెగ) కుర్రాడు, నిజంగా బ్రాంక్ రైడర్, అంటే ఎగిరి పడేసే గుర్రాల మీద స్వారీ చేసేవాడు, గుర్రాలు మచ్చిక చేసేవాడు. 2016లో రోడియోలో గుర్రం కాలు తలకి తగిలి పుర్రె పగిలింది. ఆ తర్వాత తన కథకి దగ్గరగా అల్లిన కథలో తనే నటించాడు. తండ్రీ, చెల్లెలూ కూడా వాళ్ళ పాత్రలు వాళ్ళే వేశారు. అందులో ఎక్కనివ్వని గుర్రాన్ని అతను దారిలోకి తెచ్చే సీను చూడండి, సినిమా కోసం వేరుగా ఏమీ కల్పించలేదు, అతను చేసే పనినే కెమెరా చూస్తూ ఉండిపోయింది. దగ్గరికి వెళ్ళడం, అది బిగుసుకోగానే ఒత్తిడి తీసేసి వెనక్కి తగ్గడం, చెవి ఇటు తిరగ్గానే మళ్ళీ దగ్గరికి రావడం. పసుల్ని తోలేటప్పుడు మీరు చేసేదీ ఇదే. భుజం గీతకి వెనకనుంచి కదిలితే ముందుకి పోతుంది, ముందుకి వస్తే ఆగి వెనక్కి తగ్గుతుంది. అరుపుల్లేవు, చేతులూపడాల్లేవు. సినిమా కౌబాయ్‌లు మాత్రం కేకలు పెడుతూనే ఉంటారు ఎందుకో. అంత అరిస్తే మా దగ్గర ఆవులు కంచెలు తెంచుకుని పోతాయి.

ఇంతవరకు మీకు అనుకూలంగానే చెప్పాను. పేచీ ఎక్కడంటే, కెమెరాకి అదే పని పదిసార్లు కావాలి. రాంచ్‌లో ఏదీ రెండుసార్లు ఒకేలా జరగదు, జరగాలని ఎవరూ అనుకోరు కూడా. సెట్ మీద మీ గుర్రం సరిగ్గా మట్టిలో పెట్టిన గుర్తు దగ్గర ఆగాలి, ఒక అడుగు అటైతే మీ మొహం వెలుగులో ఉండదు. పగ్గాలు మొదటిసారి ఏ చేతిలో ఉన్నాయో, తాడు ఎన్ని చుట్లు పట్టుకున్నారో, టోపీ ఎంత వంగి ఉందో ప్రతిసారీ అలాగే ఉండాలి. లేకపోతే ఎడిటింగ్‌లో అతకదు. అనుభవమున్నవాళ్ళు ఇక్కడే ఎక్కువ తడబడతారు, చేతులు ఆలోచించకుండా పనిచేస్తాయి కాబట్టి మొదటిసారి ఏం చేశారో వాళ్ళకే గుర్తుండదు. కొత్తవాడైతే ప్రతి కదలికా లెక్కపెట్టుకుని చేస్తాడు, వాడికి ఆ బాధ లేదు.

గుర్రాలకీ సెట్ అలవాటైతే ఇంకో తమాషా. ‘యాక్షన్’ అన్న మాట విన్నాక తను కదలాలని అవి నేర్చేసుకుంటాయి. నటుడు ఊపిరి పీల్చుకునేలోపు గుర్రం బయల్దేరుతుంది. అందుకే తెలివైన డైరెక్టర్లు ఆ మాట అనరు, చెయ్యి ఊపుతారు. చొక్కా లోపల మైకు పెడితే జీను తోలు కిర్రుమనడం, గుర్రం చీదడం మీ డైలాగు మీదే పడతాయి. గుర్రం తల విదిలించబోతోందని చెవులనిబట్టి మీకు ముందే తెలుస్తుంది కదా, మాట ఒక్క క్షణం ఆపి అది విదిలించాక చెప్పండి. సౌండ్ మనిషి మీకు దణ్ణం పెడతాడు. ఇది వినడానికి చిన్న విషయం, కానీ మళ్ళీ పిలుస్తారా లేదా అన్నది ఇలాంటి వాటి మీదే ఉంటుంది.

పశువులు అలిసిపోతాయి, ఇది నా డిపార్ట్‌మెంటు కాబట్టి ఊరుకోలేను. ఒక చిన్న షూటింగ్‌లో, ఎవరిదో చెప్పను, జులై మధ్యాహ్నం ఒకే కోడెని ఎనిమిదోసారి పరిగెత్తించమన్నారు. అది నాలుక బయటపెట్టి నిలబడిపోయింది. నేను కుదరదన్నాను. రంగు కలిసే కోడెలు ఇంకో నాలుగు తెచ్చుకోవాల్సింది, తెచ్చుకోలేదు. ప్రొడక్షన్ మేనేజర్‌తో మాటామాటా పెరిగింది, ఆ తర్వాత ఆ కంపెనీ నన్ను పిలవలేదు. వెనకటి రోజుల్లో గుర్రాల ముందుకాళ్ళకి తీగలు కట్టి పరుగులో పడేసేవాళ్ళు. 1939లో ఒక సినిమా కోసం గుర్రాన్ని ఎత్తైన గట్టు మీదనుంచి నీళ్ళలోకి పడేస్తే చచ్చిపోయింది. ఆ గొడవ తర్వాతే అమెరికన్ హ్యూమేన్ సంస్థ వాళ్ళు సెట్ల మీదకి రావడం మొదలైంది. జంతువుకి ఇబ్బందిగా ఉందని సెట్ మీద అందరికంటే ముందు తెలిసేది మీలాంటివాళ్ళకే. వేషం పోతుందని నోరు మూసుకోకండి.

మర్చిపోకముందే ఒకటి చెప్పాలి. ఒక సిరీస్ షూటింగ్‌లో చిన్న వేషానికి నిజం రాంచ్ మనిషిని పెట్టుకున్నారు. అరవై దాటినవాడు. సీను ఇది: పెళ్ళాంతో గొడవపడి, గేటు తీసుకుని కోపంగా గుర్రం మీద దౌడు తీసి వెళ్ళిపోవాలి. మొదటి టేకులో గేటు దాటి, గుర్రాన్ని వెనక్కి తిప్పి, వంగి గేటు గొళ్ళెం పెట్టి అప్పుడు వెళ్ళాడు. కట్. రెండోసారీ అంతే. డైరెక్టర్‌కి కోపం వచ్చింది, ‘కోపంలో ఉన్నవాడు గేటు వేస్తాడా’ అన్నాడు. ముసలాయన ‘ఆవులకి నా కోపంతో ఏం పని’ అన్నాడు. మూడోసారి కూడా చెయ్యి దానంతటదే గొళ్ళెం మీదకి పోయింది. నాలుగోసారి పళ్ళు బిగించుకుని గేటు తెరిచే వదిలేసి దౌడు తీశాడు. కానీ ఇరవై గజాలు పోయాక ఒక్కసారి వెనక్కి తిరిగి చూశాడు. తట్టుకోలేకపోయాడు పాపం. ఎపిసోడ్‌లో ఆ చూపే ఉంచారు. మా ఆవిడ చూసి, పెళ్ళాన్ని వదల్లేక వెనక్కి చూశాడు అనుకుంది. అది గేటు కోసం చూసిన చూపని నేనిప్పటికీ చెప్పలేదు.

మొహం సంగతి. కౌబాయ్ అంటే తెల్లవాడన్నది చాలావరకు సినిమా చేసిన పని. ఈ విద్య మెక్సికోలో పశువులు కాసే వకేరోలది. మీరు రోజూ వాడే మాటల్లోనే ఉంది చూడండి: లారియట్ (ఉచ్చుతాడు), చాప్స్ (కాళ్ళకి వేసుకునే తోలు తొడుగు), డాలీ (జీను కొమ్ముకి తాడు చుట్టడం) అన్నీ స్పానిష్ నుంచి వచ్చినవే. డాలీ అంటే గుర్తొచ్చింది, జీను కొమ్ముకి తాడు చుట్టేటప్పుడు బొటనవేలు పైకి ఉంచండి, కెమెరా ఉందని కంగారుపడి వేలు పోగొట్టుకోకండి. పరిగెత్తే కోడె కొమ్ములు పట్టి కింద పడేసే ఆట, ఇప్పుడు స్టీర్ రెస్లింగ్ అంటున్నది, దాన్ని ప్రదర్శనగా మార్చి పేరు తెచ్చింది బిల్ పికెట్ అనే నల్లజాతి కౌబాయ్. వందేళ్ళ కిందటే ఆయన్ని హీరోగా పెట్టి సినిమా తీశారు. కాబట్టి చరిత్ర ప్రకారం మీకు అడ్డేమీ లేదు, కాస్టింగ్ చేసేవాళ్ళకి ఆ చరిత్ర తెలియదు, అదే చిక్కు. ఈ ఏడాది రెండేళ్ళలో మీకు హీరో వేషం వస్తుందని నేను చెప్పను. రాంచ్‌లో పనిచేసే పదిమందిలో ఒకడిగా వస్తుంది, అక్కడ ఒకటో రెండో మాటలు దొరుకుతాయి. ‘ఎల్లోస్టోన్’ అనే టీవీ సిరీస్‌లో లాయిడ్‌గా వేసిన ఫారీ జె. స్మిత్ రోడియోల నుంచి, స్టంట్ల నుంచి వచ్చినవాడే. బంక్‌హౌస్‌లో, అంటే పనివాళ్ళు ఉండే ఇంట్లో, వెనక వరసలో కనిపిస్తూ కనిపిస్తూ జనానికి దగ్గరయ్యాడు.

పనిలో పనిగా మీ ఒంగోలు సంగతి. అమెరికన్ బ్రాహ్మన్ జాతిని తయారుచేసింది మన దేశం పశువులతోనే. గిర్, గుజరాత్‌లోని కాంక్రేజ్‌తో పాటు బ్రెజిల్‌వాళ్ళు నెలోర్ అని పిలిచే మన ఒంగోలు రక్తం కూడా అందులో ఉంది. రోడియోల్లో మనిషిని ఎగరేసే ఎద్దుల్లో చాలావాటికి ఆ బ్రాహ్మన్ కలుపు ఉంటుంది. మూపురం, వేలాడే గంగడోలు చూస్తేనే తెలుస్తుంది. మొదటిసారి రోడియో డ్యూటీలో గేటు వెనక అలాంటి ఎద్దు పక్కన నిలబడ్డప్పుడు, మా ఊళ్ళో సంక్రాంతికి బండలాగే గిత్త పక్కన నిలబడ్డట్టే అనిపించింది నాకు. ఆడిషన్‌లో ‘నీకూ దీనికీ ఏం సంబంధం’ అని అడుగుతారు, తప్పకుండా అడుగుతారు. ఈ కథ చెప్పండి. 1971లో కృష్ణగారు ‘మోసగాళ్ళకు మోసగాడు’తో తెలుగువాళ్ళకి కౌబాయ్‌ని పరిచయం చేసిన సంగతి కూడా చెప్పొచ్చు, నవ్వుతారు, మంచిదే. కానీ ఆ టోపీ తిప్పుళ్ళూ, తుపాకీ గింగిరాలూ ఇక్కడ చేసి చూపించకండి. అది వేరే ఆట, దాని అందం దానిది.

యాక్టింగ్ స్కూలు తప్పదా అన్నారు. రెండేళ్ళ కోర్సులు వద్దు. కెమెరా ముందు నిలబడటం నేర్పే చిన్న క్లాసు ఏదైనా వారానికోసారి వెళ్ళండి, ఆరు నెలలు చాలు. అక్కడ మీరు నేర్చుకోవాల్సింది ఏడవడం కాదు, ఒకే పని ఒకేలా మళ్ళీ చేయడం. ఇంట్లోనే సాధన చేయొచ్చు: ఫోను కంచె గుంజకి కట్టి, పది వాక్యాలు బట్టీపట్టి, జీను కడుతూ చెప్పండి. మూడుసార్లు తీయండి. మూడింటిలో ఏ మాట దగ్గర ఏ చెయ్యి ఎక్కడుందో కాగితం మీద రాసుకుని పోల్చుకోండి. మొదటి వారం మీకే నవ్వొస్తుంది. నాలుగో వారానికి కలుస్తాయి. యాసని దాచడానికి మాత్రం పాట్లు పడకండి. టెక్సాస్ యాస మీద తెలుగు యాస ఎక్కి మీకు మూడోదేదో వచ్చి ఉంటుంది, అది మీదే. మాట స్పష్టంగా ఉంటే చాలు.

ఫారం నింపేటప్పుడు రాని పని వచ్చని రాయకండి. గుర్రం మీద దౌడు వచ్చని రాసి, సెట్ మీదకొచ్చి రెండు చేతులతో జీను కొమ్ము పట్టుకున్నవాళ్ళని చూశాను. రాంగ్లర్‌కి వాళ్ళు గుర్రం దగ్గరికి నడిచి వచ్చేటప్పుడే తెలిసిపోతుంది. మీకు బ్రాంక్ రైడింగ్ రాదు కాబట్టి రాదనే రాయండి. హీలింగ్ వచ్చు, ఆవుల్ని ఈనించడం వచ్చు, కంచె వేయడం వచ్చు, ట్రాక్టరు వచ్చు, లాడం ఊడితే తాత్కాలికంగా సర్దడం వచ్చు అని వరసగా రాయండి. ఆ చివరివి చూసి నవ్వేవాళ్ళు నవ్వుతారు. రాంగ్లర్‌లు నవ్వరు, వేషం దొరికేదాకా మీకు పని ఇచ్చేది వాళ్ళే.

వీడియో పంపుతానన్నారు కదా, పంపండి, మా రాంగ్లర్ క్లయింటుకి చూపిస్తాను. గెలిచిన రన్లన్నీ కలిపి పాట పెట్టి చేసిన వీడియో వద్దు, అలాంటివి ఆయనకి రోజుకి పది వస్తాయి. ఒకే ఒక్క రన్, ఓడిపోయిందైనా పర్వాలేదు. కోడె విడిపించుకుని పోయాక మీరు గుర్రాన్ని మెల్లగా నడిపించుకుంటూ, తాడు చుట్లు చుట్టుకుంటూ గేటు దాకా వస్తారు చూడండి, అక్కడ మీ ఫ్రెండు ఫోను ఆపేస్తుంటాడు. ఈసారి ఆపొద్దని చెప్పండి.